ఫైర్‌వాల్ ఫర్మ్‌వేర్ ఎప్పుడు మార్చాలి, ఎప్పుడు ఆగాలి? తరచుగా అడిగే ప్రశ్నలు

విజయవాడ, గుంటూరు చుట్టుపక్కల కాలేజీలు, చిన్న ఆసుపత్రులు, ఆడిటర్ల ఆఫీసులు, ఇలా ఓ ముప్పై చోట్ల నెట్‌వర్క్‌లు చూసుకుంటాను. ఫైర్‌వాల్ అంటే ఆఫీసు నెట్‌వర్క్‌కీ ఇంటర్నెట్‌కీ మధ్య కాపలా ఉండే బాక్సు, ఫర్మ్‌వేర్ అంటే దాని లోపల నడిచే సాఫ్ట్‌వేర్. ఎక్కువ చోట్ల ఉన్నది ఫోర్టినెట్ కంపెనీ ఫైర్‌వాల్ ఫోర్టీగేట్ కాబట్టి ఉదాహరణలు చాలావరకు దాని నుంచే ఇస్తున్నాను. మీ దగ్గర సోఫోస్ ఉన్నా, పాలో ఆల్టో ఉన్నా మెనూలు వేరుగా ఉంటాయేమో కానీ లెక్క మాత్రం ఇదే. ఫోన్‌లో ఇవే ప్రశ్నలకి మళ్లీ మళ్లీ జవాబు చెప్పే ఓపిక లేక అన్నీ ఒకచోట రాసి పెడుతున్నాను.

అన్నీ బాగానే నడుస్తున్నాయి. అసలు అప్‌గ్రేడ్ ఎందుకు చేయాలి?

"నడుస్తున్న దాన్ని కెలకొద్దు" అనే మాట మన ఫీల్డ్‌లో ప్రతివాడూ అంటాడు. లోపల మూలన ఉన్న స్విచ్ విషయంలో అయితే నేనూ సగం ఒప్పుకుంటాను. కానీ ఫైర్‌వాల్ అలా కాదు, అది వీధి గుమ్మంలో కూర్చుని ఉంది, లోకంలో ఉన్న ప్రతి దొంగా ముందు తట్టేది దాని తలుపే. ఫోర్టీగేట్ ఫర్మ్‌వేర్ అయిన ఫోర్టీఓఎస్‌లో సీవీఈ-2018-13379 అనే లోపం బయటపడింది (సీవీఈ అంటే బయటపడిన సెక్యూరిటీ లోపానికి ఇచ్చే నంబరు), లాగిన్ కూడా లేకుండా ఎస్ఎస్ఎల్ వీపీఎన్ (ఇంటి నుంచి ఆఫీసు నెట్‌వర్క్‌లోకి వచ్చే దారి) ద్వారా లోపలి ఫైళ్లు చదివేయొచ్చు, వాటిలో యూజర్ల పాస్‌వర్డ్‌లు కూడా కనిపిస్తాయి. 2019లోనే దానికి ప్యాచ్, అంటే లోపం సరిచేసే అప్‌డేట్, వచ్చేసింది. అయినా 2021 సెప్టెంబరులో దాదాపు 87,000 ఫోర్టీగేట్‌ల వీపీఎన్ లాగిన్ వివరాలు బయట పడేశారు. వాటిలో కొన్ని ప్యాచ్ వేయని బాక్సులు, కొన్ని ప్యాచ్ వేసి పాస్‌వర్డ్‌లు మార్చని బాక్సులు. ఆ ఆఫీసుల్లో కూడా అన్నీ బాగానే నడుస్తూ ఉండి ఉంటాయి.

అయితే కొత్త వెర్షన్ రాగానే వేసేయాలా?

అస్సలు వద్దు. ఇది మొదటిదానికి రెండో వైపు తప్పు, కుర్రాళ్లు ఎక్కువగా చేసేది ఇదే. కొత్త వెర్షన్ నంబర్ చూస్తే చెయ్యి ఆగదు.

7.2 నుంచి ఫోర్టీఓఎస్ వెర్షన్లకి రెండు రకాల ముద్రలు వేస్తున్నారు, ఫీచర్ అని, మెచ్యూర్ అని. ఫీచర్ అంటే అందులో కొత్త సంగతులు ఇంకా చేరుతున్నాయి. మెచ్యూర్ అంటే కొత్తవి చేర్చడం ఆపేసి, బగ్గులూ సెక్యూరిటీ లోపాలూ సరిచేసే పని మాత్రమే చేస్తున్నారు. పాలో ఆల్టో దీన్నే ప్రిఫర్డ్ రిలీజ్ అంటుంది, సిస్కో డౌన్‌లోడ్ పేజీలో బంగారు నక్షత్రం పెడుతుంది. మీకు కావలసింది స్టెబిలిటీ అయితే ఆ ముద్ర లేని వెర్షన్ జోలికి వెళ్లనే వద్దు. చివర సున్నా ఉన్న వెర్షన్ అయితే మరీ. 7.6.0 లాంటిది ఇంట్లో ల్యాబ్‌లో పెట్టుకుని ఆడుకోండి, ఆసుపత్రిలో మాత్రం పెట్టకండి.

నేను పాటించే పద్ధతి: మెచ్యూర్ ముద్ర ఉన్న బ్రాంచ్‌లో (7.2, 7.4 లాంటి ఒక్కో వరస ఒక్కో బ్రాంచ్), వచ్చి కనీసం నెల దాటిన ప్యాచ్. ఆ నెలలో మనకంటే తొందరపడ్డవాళ్లు వేసేసుకుంటారు, తిట్టుకుంటారు, ఆ తిట్లు మనం చదువుకుంటాం. స్వార్థమే, కాదనను. సెక్యూరిటీ లోపం ఉంటే మాత్రం ఈ నెల లెక్క చెల్లదు, దాని గురించి కింద చెప్తాను.

మెచ్యూర్ అంటే బగ్గులు ఉండవనా?

ఉంటాయి. కొత్త బగ్గులు వచ్చే అవకాశం తక్కువని మాత్రమే.

మరీ పాత వెర్షన్‌లో ఉంటే ఎంతకాలం ఉండొచ్చు?

ఫోర్టీఓఎస్ ప్రతి బ్రాంచ్‌కి విడుదలైన రోజు నుంచి 36 నెలలు మామూలు ఇంజనీరింగ్ సపోర్ట్, మొత్తం 54 నెలలకి అన్ని సపోర్టులూ బంద్. 7.2 వచ్చింది 2022 మార్చి నెలాఖరున, అంటే 2026 సెప్టెంబరుతో దాని కథ ముగిసినట్టే. 36 నెలలు దాటాక మామూలు బగ్ ఏదైనా మీకు తగిలితే దాన్ని ఆ బ్రాంచ్‌లో సరిచేస్తారన్న ఆశ పెట్టుకోకండి. అందుకే 36 నెలల తేదీకి ముందే తర్వాతి బ్రాంచ్‌కి మారేలా క్యాలెండర్‌లో గుర్తు పెట్టుకోండి. చాలామంది 54వ నెలలో లేస్తారు, అప్పుడు రెండు మూడు బ్రాంచ్‌లు ఒకేసారి ఎక్కాలి.

సెక్యూరిటీ అడ్వైజరీ వచ్చింది. ఎంత తొందరగా వేయాలి?

అడ్వైజరీ అంటే లోపం గురించి కంపెనీ ఇచ్చే హెచ్చరిక. అందులో తీవ్రతకి పదికి ఇచ్చే స్కోరు 9.8 అని ఎర్రగా కనిపించగానే పరుగెత్తొద్దు, 6 అని కనిపించిందని పడుకోవద్దు. నేను చూసేవి మూడు. లోపం ఉన్న భాగం మన బాక్సులో ఆన్‌లో ఉందా, ఉంటే ఇంటర్నెట్ వైపు తెరిచి ఉందా? దాన్ని వాడుకోవాలంటే ముందు లాగిన్ కావాలా, అక్కర్లేదా? ఇప్పటికే ఎవరైనా దాంతో దాడులు చేస్తున్నారా? మొదటిదానికి అవును, రెండోదానికి అక్కర్లేదు అని వస్తే మూడోది ఏదైనా సరే ఆ రాత్రే పని. దాడులు కూడా జరుగుతున్నాయంటే రాత్రి దాకా కూడా ఆగకూడదు, మధ్యాహ్నం లంచ్ టైమ్‌లోనే చెప్పి నెట్ ఆపి వేసేయాలి.

2024 ఫిబ్రవరిలో వచ్చిన సీవీఈ-2024-21762 ఇలా దాడులు కూడా జరుగుతున్న రకమే. ఎస్ఎస్ఎల్ వీపీఎన్‌లో లోపం, లాగిన్ అవసరం లేదు. ఒక ఆడిటర్ గారి ఆఫీసులో వీపీఎన్ వాడేది ఇద్దరే ఇద్దరు, ఆ ఇద్దరికీ ఫోన్ చేసి "రెండ్రోజులు ఇంటి నుంచి పని కుదరదండీ" అని చెప్పి ఎస్ఎస్ఎల్ వీపీఎన్ మొత్తం ఆపేశాను, అప్‌గ్రేడ్ శనివారం తీరిగ్గా చేసుకున్నాను. ప్యాచ్ వెంటనే వేయలేకపోతే తలుపు మూసేయడం కూడా ఒక పరిష్కారమే, చాలామందికి ఇది తట్టదు. కాకపోతే మూసేది సరైన తలుపేనా అని అడ్వైజరీలో చూసుకోవాలి. ఇదే లోపానికి వెబ్ మోడ్ (బ్రౌజర్‌లోంచి వాడే పద్ధతి) ఒక్కటి ఆపితే సరిపోదని అందులో స్పష్టంగా రాశారు.

అడ్వైజరీని ఒకసారి చదివి వదిలేయకండి కూడా. 2024 ఏప్రిల్‌లో పాలో ఆల్టో వీపీఎన్ అయిన గ్లోబల్‌ప్రొటెక్ట్‌లో సీవీఈ-2024-3400 వచ్చింది, స్కోరు పదికి పది. ముందు టెలిమెట్రీ (బాక్సు తన వివరాలు కంపెనీకి పంపడం) ఆపితే చాలన్నారు, కొద్ది రోజులకే ఆ మాట వెనక్కి తీసుకున్నారు. మొదటి రోజు చదివి, టెలిమెట్రీ ఆపి నిశ్చింతగా పడుకున్నవాళ్ల సంగతి ఆలోచించండి.

ఇంకోటి, ప్యాచ్ ముందు వచ్చి అడ్వైజరీ తర్వాత రావడం కూడా మామూలే. 2023 జూన్‌లో ఫోర్టీఓఎస్‌కి అలాగే జరిగింది, సరిచేసిన వెర్షన్లు ముందు వచ్చాయి, సీవీఈ-2023-27997 అడ్వైజరీ ఆ తర్వాత జూన్ 12న వచ్చింది. కాబట్టి ఒకేసారి నాలుగైదు పాత బ్రాంచ్‌లన్నిటికీ కొత్త ప్యాచ్‌లు వరసగా వచ్చాయంటే, లోపల ఏదో ఉందనే అనుమానం పెట్టుకోండి.

ప్యాచ్ వేసేశాం. ఇక నిశ్చింతే కదా?

ప్యాచ్ తలుపుకి గడియ పెడుతుంది. అప్పటికే ఇంట్లో దూరినవాణ్ని అది బయటికి గెంటదు. 2025 ఏప్రిల్‌లో ఫోర్టినెట్ తనే చెప్పింది: పాత లోపాల ద్వారా లోపలికొచ్చినవాళ్లు ఎస్ఎస్ఎల్ వీపీఎన్ భాషా ఫైళ్లుండే ఫోల్డర్‌లో ఒక సింబాలిక్ లింక్ (వేరే ఫైళ్ల దగ్గరికి తీసుకెళ్లే షార్ట్‌కట్) వదిలి వెళ్లారు, ఆ తర్వాత ప్యాచ్ వేసినా కాన్ఫిగరేషన్‌తో సహా ఫైళ్లు చదవగలిగే దారి వాళ్లకి మిగిలిపోయింది. దాన్ని తీసేసే వెర్షన్లు విడిగా ఇచ్చారు. అందుకే దాడులు జరుగుతున్న లోపానికి ప్యాచ్ ఆలస్యంగా వేస్తే, అడ్మిన్ పాస్‌వర్డ్, వీపీఎన్ యూజర్ల పాస్‌వర్డ్‌లు, ఐపీసెక్ (ఇంకో రకం వీపీఎన్) ప్రీషేర్డ్ కీ, యాక్టివ్ డైరెక్టరీకి ఇచ్చిన సర్వీస్ అకౌంట్, అన్నీ మార్చాలి. విసుగే. కొత్త అడ్మిన్ అకౌంట్లు ఏమైనా పుట్టాయా అని కూడా చూడండి.

నిజంగానే ఎవరో దూరారని తేలితే ఆరు గంటల్లోగా కేంద్ర ప్రభుత్వ సైబర్ భద్రతా సంస్థ సెర్ట్-ఇన్‌కి చెప్పాలని 2022 ఏప్రిల్ 28 నాటి ఆదేశాల్లో ఉంది. లాగులు (బాక్సు రాసుకునే రికార్డులు) 180 రోజులు ఉంచాలన్నదీ వాటిలోదే. డిస్క్ లేని చిన్న మోడల్ ఉంటే ఆ లాగులు బయట ఎక్కడో దాచుకునే ఏర్పాటు ముందే ఉండాలి.

రిలీజ్ నోట్స్ బోలెడు పేజీలు ఉంటాయి. అన్నీ చదవాలా?

అన్నీ అక్కర్లేదు, కానీ అసలు చదవకుండా వేసేవాళ్లని చూస్తే భయమేస్తుంది. సరిచేసిన బగ్గుల జాబితా అందరూ చదువుతారు, మనకి అసలు కావలసింది తెలిసిన సమస్యల జాబితా. అందులో మీరు వాడే వాటి పేర్లు వెతకండి: ఎస్‌డీ-వ్యాన్ (ఒకటికి మించి నెట్ లైన్లని కలిపి వాడటం), ఐపీసెక్, హెచ్ఏ (ఒకటి పోతే ఇంకోటి అందుకునేలా రెండు బాక్సులు పెట్టడం), మీ మోడల్ నంబర్. ఆ తర్వాత డిఫాల్ట్‌గా ఏం మారింది, ఏం తీసేశారు అన్న భాగాలు.

తీసేసినవి ముఖ్యం అని ఎందుకంటున్నానంటే, మన చిన్న ఆఫీసుల్లో ఎక్కడ చూసినా ఉండేది ఫోర్టీగేట్ 40ఎఫ్, 60ఎఫ్ మోడళ్లు. వీటి ర్యామ్ 2 జీబీ. 7.4.4 నుంచి 2 జీబీ మోడళ్లలో ప్రాక్సీ పద్ధతిలో (ట్రాఫిక్‌ని మధ్యలో ఆపి చూసే పద్ధతి) నడిచే ఫీచర్లు తీసేశారు, 7.6.0 నుంచి వాటిలో ఎస్ఎస్ఎల్ వీపీఎన్ కూడా లేదు. 7.6.3కి వచ్చేసరికి పెద్ద మోడళ్లలో సైతం ఎస్ఎస్ఎల్ వీపీఎన్ టన్నెల్ మోడ్ (మొత్తం కంప్యూటర్‌ని ఆఫీసు నెట్‌వర్క్‌కి కలిపే పద్ధతి) ఎత్తేశారు, పాత సెట్టింగులు కూడా కొత్త వెర్షన్‌లోకి రావు, ఐపీసెక్‌కి మీరే మార్చుకోవాలి. ఇది చదవకుండా శనివారం అప్‌గ్రేడ్ చేస్తే సోమవారం ఇంటి నుంచి పనిచేసేవాళ్లందరూ మీకే ఫోన్ చేస్తారు. బగ్ కాదు, బాక్స్ తప్పూ కాదు, రాసి ఉన్నది మనం చదవలేదు.

బాక్స్ తరచూ హ్యాంగ్ అవుతోంది. ఫర్మ్‌వేర్ మారిస్తే పోతుందా?

పోవచ్చు, పోకపోవచ్చు, ముందు ఎందుకు హ్యాంగ్ అవుతోందో చూడాలి కదా. సీఎల్ఐలో (కమాండ్లు టైప్ చేసే తెర) 'డయాగ్నోజ్ డీబగ్ క్రాష్‌లాగ్ రీడ్' కొట్టండి. ఏ ప్రాసెస్ ఎప్పుడు పడిపోయిందో తేదీలతో వస్తుంది. ఒకే ప్రాసెస్ పేరు, ఉదాహరణకి డబ్ల్యూఏడీ, వారానికి రెండుసార్లు సిగ్నల్ 11తో పడిపోతోందనుకోండి, ఆ పేరు పట్టుకుని తర్వాతి ప్యాచ్‌ల రిలీజ్ నోట్స్‌లో వెతకండి. దొరికిందంటే మీ అప్‌గ్రేడ్‌కి కారణం దొరికినట్టే. 'డయాగ్నోజ్ సిస్ టాప్'లో మెమరీ వారీగా పేర్చి రోజుకోసారి ఫోటో తీసుకోండి. ఒక ప్రాసెస్ మెమరీ రోజురోజుకీ పెరుగుతూ, రీబూట్ చేస్తే తగ్గి, మళ్లీ పెరుగుతోందంటే లీక్. అది ఫర్మ్‌వేర్‌తో పోయే జబ్బే.

అలా కాకుండా పొద్దున్న పదింటికి పిల్లలందరూ వైఫై ఎక్కినప్పుడే మెమరీ 88 శాతం దాటి కన్సర్వ్ మోడ్‌లోకి (మెమరీ పొదుపు చేసుకునే స్థితి) వెళ్లి, లంచ్‌కి 82 కిందికి దిగి మామూలైపోతోందంటే అది బగ్ కాదు, ఆ బాక్సు మోయగలిగే దానికంటే ఎక్కువ బరువు పెట్టారు. 95 శాతం దాటితే కొత్త సెషన్లు (కనెక్షన్లు) తీసుకోవడమే మానేస్తుంది, దాన్నే జనం హ్యాంగ్ అంటారు. పైగా కొత్త బ్రాంచ్‌లు పాతవాటికంటే కాస్త ఎక్కువ మెమరీనే తింటాయి, అంటే అప్‌గ్రేడ్ చేస్తే ఇంకా ముదురుతుంది. రెండువేల మంది ఉన్న కాలేజీకి యాభై మంది ఆఫీసు మోడల్ కొని ఫర్మ్‌వేర్‌ని తిట్టి లాభం లేదు.

అప్‌గ్రేడ్‌కి ముందు ఒకసారి రీబూట్ చేయమంటారు, నిజంగా అవసరమా?

నాకు తెలిసినంతలో ఎవరూ పట్టించుకోని, అన్నిటికంటే ఎక్కువ పనికొచ్చే సలహా ఇదే.

ఒకచోట ఫైర్‌వాల్ ఐదొందల రోజులకి పైగా ఆగకుండా నడుస్తోంది. ఏ బ్రాండో ఎందుకులే. అక్కడి కుర్రాడు ఆ అప్‌టైమ్ చూపించి మురిసిపోయేవాడు. అప్‌గ్రేడ్ చేశాను, బాక్సు లేవలేదు. తెల్లారేదాకా ఫర్మ్‌వేర్‌ని తిట్టుకున్నాను. తీరా చూస్తే లోపలి ఫ్లాష్ (ఫర్మ్‌వేర్ దాచే చిప్) ఎప్పుడో పాడైంది, నడిచినంతకాలం మెమరీలోంచే నడిచింది, ఏ రోజు కరెంటు పోయినా అదే జరిగేది. అప్పట్నుంచి అప్‌గ్రేడ్‌కి రెండు మూడు రోజుల ముందు ఉన్న వెర్షన్‌లోనే ఒక రీబూట్ చేస్తాను. అది లేచి, ఓ రోజంతా బాగా నడిస్తేనే కొత్తది. ఇలా చేస్తే రీబూట్ వల్ల వచ్చిన సమస్యకీ వెర్షన్ వల్ల వచ్చిన సమస్యకీ తేడా తెలుస్తుంది. లేదంటే రెండూ కలిసిపోయి రాత్రంతా జుట్టు పీక్కోవాలి.

7.0 నుంచి ఒక్కసారే 7.4కి దూకొచ్చా?

ఫోర్టినెట్ సైట్‌లో అప్‌గ్రేడ్ పాత్ టూల్ ఉంది, మోడల్, ఇప్పటి వెర్షన్, కావలసిన వెర్షన్ ఇస్తే ఏ మెట్లు ఎక్కాలో చెప్తుంది. మెట్లు దాటేసి దూకితే బాక్సు లేస్తుంది కూడా, అదే ప్రమాదం, కొన్ని సెట్టింగులు చెప్పాపెట్టకుండా మాయమైపోతాయి. ప్రతి మెట్టు దగ్గరా 'డయాగ్నోజ్ డీబగ్ కాన్ఫిగ్-ఎర్రర్-లాగ్ రీడ్' చూడండి, కొత్త వెర్షన్‌కి అర్థంకాక వదిలేసిన లైన్లు అందులో ఉంటాయి. ఫోర్టీమేనేజర్, ఫోర్టీఎనలైజర్ (బాక్సులన్నిటినీ ఒకచోటి నుంచి నడిపేది, లాగులు దాచేది) ఉంటే ముందు అవి, తర్వాతే ఫైర్‌వాల్, ఆ తర్వాత స్విచ్‌లు, యాక్సెస్ పాయింట్లు.

ఏ రోజు, ఏ టైమ్‌లో చేయాలి?

శుక్రవారం సాయంత్రం వద్దని అందరూ చెప్తారు. మన దగ్గర ఇంకొన్ని ఉన్నాయి. ఆడిటర్ల ఆఫీసుల్లో నెలలో 15 నుంచి 20 దాకా వైపు చూడొద్దు, జీఎస్టీ నెలవారీ రిటర్న్ జీఎస్టీఆర్-3బీ గడువు 20నే. కాలేజీల్లో ఈఏపీసెట్ కౌన్సెలింగ్ రోజుల్లో ముట్టుకుంటే ప్రిన్సిపాల్ గారు మిమ్మల్ని గుర్తుపెట్టుకుంటారు. పండగ ముందురోజు అసలు వద్దు, ఏదైనా తేడా వస్తే సపోర్ట్ పార్ట్‌నర్ దగ్గర ఫోన్ ఎత్తే మనిషి సెలవు పెట్టి సొంతూళ్లో ఉంటాడు. ఆసుపత్రికి రాత్రి పగలు తేడా లేదు, అక్కడ ల్యాబ్ రిపోర్టులు తక్కువగా వెళ్లే గంట ఏదో ల్యాబ్ వాళ్లనే అడగండి, మీరు ఊహించుకోకండి.

యూపీఎస్ బ్యాటరీ చూడండి. ఫ్లాష్‌లోకి రాస్తుండగా కరెంటు పోతే ఏమవుతుందో చెప్పక్కర్లేదు. ఉరుములు మెరుపుల రాత్రి అయితే నేను ఇంటికెళ్లిపోతాను.

ఆ రాత్రి నిజంగా ఏం చేస్తారు?

కన్సోల్ కేబుల్ (నెట్ లేకపోయినా ల్యాప్‌టాప్‌ని నేరుగా బాక్సుకి కలిపే వైరు) తగిలించి ఉంచుతాను, ఇది మొదటిది. బ్యాకప్ రెండు కాపీలు, ఒకటి ల్యాప్‌టాప్‌లో, ఒకటి పెన్‌డ్రైవ్‌లో. ఇప్పటి వెర్షన్ ఇమేజ్ (ఫర్మ్‌వేర్ ఫైలు) కూడా పక్కనే, ఎందుకంటే నెట్ లేనప్పుడు నెట్‌లోంచి డౌన్‌లోడ్ చేసుకోలేం. ముందే నోట్‌ప్యాడ్‌లో కొన్ని అంకెలు రాసుకుంటాను: ఎన్ని రూట్లు, ఎన్ని వీపీఎన్ టన్నెళ్లు పైన ఉన్నాయి, ఎన్ని సెషన్లు, మెమరీ ఎంత.

ఇక ఒక విండోలో గేట్‌వేకి, ఇంకో విండోలో 8.8.8.8కి పింగ్ పెట్టి బటన్ నొక్కడమే. రిప్లైలు ఆగి 'రిక్వెస్ట్ టైమ్డ్ అవుట్' లైన్లు మొదలవుతాయి. చిన్న బాక్సులకి ఐదారు నిమిషాలు, అవి గంటలా ఉంటాయి. నాలుగో నిమిషంలో చెయ్యి పవర్ కేబుల్ వైపు వెళ్తుంది చూడండి, అప్పుడే బయటికెళ్లి టీ తాగాలి. కన్సోల్‌లో అక్షరాలు కదులుతున్నంతసేపు ముట్టుకోవద్దు. పింగ్ వచ్చిందని లేచిపోకండి, ఆ నోట్‌ప్యాడ్ అంకెలన్నీ మళ్లీ కలిశాకే ఇంటికి. ఒకసారి అన్నీ కలిశాయి, సోమవారం పొద్దున్న హాజరు వేసే బయోమెట్రిక్ మెషీన్ మాత్రం పనిచేయలేదు, నా లిస్టులో అది లేదు మరి. ఇప్పుడు ఉంది.

తేడా కొడితే వెనక్కి రావడం ఎలా?

ఫోర్టీగేట్‌లో రెండు పార్టిషన్లు (స్టోరేజ్‌లో రెండు భాగాలు) ఉంటాయి, పాత వెర్షన్ దాని కాన్ఫిగరేషన్‌తో సహా రెండోదానిలో అలాగే ఉంటుంది. అందులోంచి బూట్ చేస్తే అప్‌గ్రేడ్‌కి ముందు ఎలా ఉందో అలా వస్తుంది. కాకపోతే మధ్యలో రెండు మెట్లు ఎక్కి ఉంటే రెండోదానిలో ఉన్నది మధ్య మెట్టు, మొదటిది కాదు. మామూలు డౌన్‌గ్రేడ్ మాత్రం చేయొద్దు, ఇంటర్‌ఫేస్ ఐపీలు, స్టాటిక్ రూట్లు, అడ్మిన్ అకౌంట్ల లాంటివి కొన్ని మిగులుతాయి, పాలసీలు పోతాయి.

ఎప్పుడు వెనక్కి రావాలో ముందే అనుకోండి. నేను గంట పెట్టుకుంటాను. గంటలో తేలకపోతే కారణం తెలియకపోయినా వెనక్కే. తెల్లవారుజామున మూడింటికి "ఇంకొక్క ఐదు నిమిషాలు" అనేది మన తెలివి కాదు, పంతం.

రెండు బాక్సులు హెచ్ఏలో ఉన్నాయి. టెన్షన్ లేదు కదా?

తక్కువ. స్టాండ్‌బై ముందు అప్‌గ్రేడ్ అయి, ట్రాఫిక్ దాని మీదకి మారి, తర్వాత మొదటిది అవుతుంది, కొన్ని పింగ్‌లు పోతాయంతే. కానీ అంతకుముందు రెండు బాక్సులూ సింక్‌లో ఉన్నాయా, చేత్తో ఫెయిలోవర్ చేస్తే నిజంగా మారుతోందా చూసుకోండి. స్టాండ్‌బై వైపు కేబులే ఊడిపోయి ఉన్న హెచ్ఏలు నేను రెండు చూశాను.

ఆటోమేటిక్ అప్‌గ్రేడ్ ఆన్‌లో ఉంచాలా?

కొత్త వెర్షన్లలో చిన్న మోడళ్లకి అది ఆన్‌లోనే వస్తోంది, మీకు తెలియకుండానే ఉండి ఉండొచ్చు, చూసుకోండి. చూసే మనిషే లేని ఆఫీసు అయితే ఆన్‌లో ఉంచండి, అదే బ్రాంచ్‌లో ప్యాచ్‌లు వేసుకుంటుంది, అసలు వేయకపోవడం కంటే నయం. మనిషి ఉన్నచోట ఆపేసి చేత్తో చేసుకోవడమే నాకిష్టం.

ఫర్మ్‌వేర్ ముట్టుకోకపోతే ఏమీ మారదనుకోవడం కూడా భ్రమే. 2022 జనవరిలో సోనిక్‌వాల్ కొత్త తరం బాక్సులు, 2025 జనవరిలో జైజెల్ బాక్సులు రీబూట్ లూపుల్లో పడ్డాయి. రెండుసార్లూ కారణం ఫర్మ్‌వేర్ కాదు, తనంతట తాను దిగిన సిగ్నేచర్ అప్‌డేట్ (దాడుల్నీ యాప్‌లనీ గుర్తుపట్టే జాబితా). జైజెల్ బాక్సులు లేపడానికి కన్సోల్ కేబుల్ పట్టుకుని మనిషి అక్కడికి వెళ్లాల్సి వచ్చింది. మీ కేబుల్ ఎక్కడుందో ఇప్పుడే వెతుక్కోండి.

సపోర్ట్ కాంట్రాక్ట్ అయిపోయింది. ఇమేజ్ ఎవరో టెలిగ్రామ్‌లో ఇస్తామంటున్నారు.

వద్దు. తాళం దొంగ దగ్గర కొనుక్కున్నట్టు ఉంటుంది. రెన్యూవల్ డబ్బులు అడగండి, అప్పటిదాకా వీపీఎన్, బయటికి కనిపించే అడ్మిన్ పేజీ మూసేయండి.

మేనేజ్‌మెంట్ డౌన్‌టైమ్ ఇవ్వట్లేదు. ఎలా ఒప్పించాలి?

సీవీఈ నంబర్లు చెప్తే ఎవరూ వినరు. రెండు లైన్లు రాయండి: మనం చెప్పిన రోజు చేస్తే ఇరవై నిమిషాలు నెట్ ఉండదు, బాక్సు తనకి తోచిన రోజు ఆగిపోతే ఎన్ని గంటలో తెలియదు. మెయిల్‌లోనే రాయండి, నోటితో వద్దు. తేదీలు రెండు ఇచ్చి ఏదో ఒకటి ఎంచుకోమనండి. చేయాలా వద్దా అని అడిగితే జవాబు ఎప్పుడూ వద్దనే వస్తుంది.

మొన్న ఒక కాలేజీ ఏఓ (అడ్మినిస్ట్రేటివ్ ఆఫీసర్) గారికి ఇలాగే పంపాను. "ఆదివారం పొద్దున్న ఆరింటికి చేసుకో బాబూ, టిఫిన్ టైమ్‌కల్లా హాస్టల్‌లో వైఫై రావాలి, లేకపోతే పిల్లలు నా రూమ్ ముందు కూర్చుంటారు" అన్నారు. ఆరుంబావుకి మొదలుపెట్టాను, ఏడుకి తక్కువ పది నిమిషాలకి అంకెలన్నీ కలిశాయి.